పగిలిన వీరగల్లును మ్యూజియానికి ఇవ్వాలా, ఊళ్లోనే ఉంచుకోవాలా?

పలమనేరు_పడమర
మా ఊరి గ్రామదేవత గుడిని జీర్ణోద్ధరణ పేరుతో పూర్తిగా విప్పి, గ్రానైటు రాయితో కొత్తగా కడుతున్నారు. పాత గుడి ఎదుట వేపచెట్టు కింద ఒక వీరగల్లు, అంటే పోరులో చనిపోయిన వీరుడి జ్ఞాపకంగా నిలిపిన రాయి, తరతరాలుగా ఉంది. ఒక చేత కత్తి, మరొక చేత బాకు పట్టుకున్న వీరుడు, అతని కాళ్ల దగ్గర ఆవులు, పైభాగాన అతన్ని స్వర్గానికి తీసుకుపోతున్న అప్సరసలు, అంచున కొన్ని పంక్తుల పాత అక్షరాలు అందులో ఉన్నాయి. మేము దాన్ని వీరన్న అంటాం. ఏటా జాతర ముందురోజు పసుపూ నూనే పూసి పొంగలి పెడతాం. పునాది పనిలో మట్టి తవ్వే యంత్రం తగిలి ఆ రాయి నడుము దగ్గర రెండు ముక్కలైంది.

ఖండితమైన మూర్తిని గుడి ముందు ఉంచకూడదు గనుక చెరువులో కలిపేయాలని పెద్దలు అంటున్నారు. పునాదిలో వేసుకుంటే కలిసివస్తుందని మేస్త్రీ అంటున్నాడు. నేనూ మరికొందరు యువకులమూ మ్యూజియానికి అప్పగిద్దామని అంటున్నాం. అయితే మా మేనమామ నన్ను నిలదీసి, "అక్కడికి పంపిస్తే వీరన్నకు పొంగలి ఎవరు పెడతారురా?" అని అడిగినప్పుడు నేను సరైన సమాధానం చెప్పలేకపోయాను. మ్యూజియం వల్ల మా ఊరికి ఏం ఒరుగుతుందో తెలిసినవాళ్లు చెప్పగలరా?

చంద్రగిరి_పంతులు
చెరువు, పునాది అనే రెండు మార్గాలతో పోలిస్తే మ్యూజియమే నయమని చెప్పడానికి ఆలోచించవలసిన పని లేదు. అమరావతి బౌద్ధ స్తూపానికి ఏం జరిగిందో గుర్తు చేసుకుందాం. 1797లో బ్రిటిష్ సర్వే అధికారి కాలిన్ మెకంజీ మొదటిసారి చూసినప్పుడు అక్కడ ఉన్న శిల్పఫలకాలలో చాలా భాగం 1816లో ఆయన తిరిగి వచ్చేసరికి చెదిరిపోయింది, నాశనమైంది. కొన్నిటిని కట్టడాల్లో వాడుకున్నారు, కొన్నిటిని సున్నం కోసం కాల్చారు. తరవాత 1845లో వాల్టర్ ఇలియట్ అనే మరో బ్రిటిష్ అధికారి తవ్వించి మద్రాసుకు చేర్చినవి, అక్కడినుంచి లండన్‌కు తరలిపోయినవి ఈనాటికీ మిగిలి ఉన్నాయి. వాటిని చూడడానికి మనం చెన్నై ఎగ్మూరులోని మ్యూజియానికో లండన్‌కో వెళ్లవలసి రావడం బాధాకరమే, కాని సున్నమైపోయిన ఫలకాలను చూడడానికి ఎక్కడికి వెళ్లినా ప్రయోజనం లేదు.

నేను పిల్లల్ని తరచుగా చంద్రగిరి కోటలోని రాజమహల్‌కు తీసుకువెళతాను. కేంద్ర పురావస్తు శాఖ మ్యూజియం ఆ మహల్‌లోనే ఉంది. గుడిలో దణ్ణం పెట్టి కళ్లు మూసుకునే పిల్లవాడు అక్కడ అదే దేవుడి కంచు విగ్రహం ముందు నిలబడి, నగలెన్ని, చేతులెన్ని, ఏ చేతిలో ఏముంది అని లెక్కపెడతాడు. ఆ చూపు అలవడడానికి మ్యూజియం కావాలి.

కొర్లగుంట_కుర్రాడు
మేస్త్రీ గారి ప్రతిపాదన ప్రకారం జరిగితే మరో వెయ్యేళ్లకు ఎవరో ఒకరు ఆ పునాది తవ్వి, వీరగల్లు దొరికిందని పత్రికలో ఫొటో వేయించుకుంటారు. దీర్ఘకాలిక భద్రత అంటే అదేనేమో.

సువర్ణముఖి_ఒడ్డు
పంతులు గారి వాదనలో ఒక లోపం కనిపిస్తున్నది. పాడుచేయడం, తరలించడం అని రెండు దారులే ఉన్నట్టు ఆయన రాశారు. మా గుడిమల్లం సంగతి చూడండి. పరశురామేశ్వరుడి గర్భగుడిలోని లింగం సుమారు ఐదడుగుల ఎత్తు ఉంటుంది. దాని ముందుభాగాన యక్షుడి భుజాలమీద నిలబడిన శివుడు ఒక చేత పొట్టేలును, మరొక చేత చిన్న పాత్రను పట్టుకుని, గొడ్డలిని భుజానికి ఆనించుకుని ఉంటాడు. చాలామంది పండితులు దాన్ని క్రీస్తు పూర్వపు శిల్పంగానే లెక్కిస్తారు. 20వ శతాబ్దం తొలినాళ్లలో పురావస్తు పండితుడు టి.ఏ. గోపీనాథరావు దాన్ని లోకానికి పరిచయం చేశారు. 1954 నుంచి ఆ గుడి కేంద్ర పురావస్తు శాఖ రక్షణలో ఉంది. అంతటి అపురూపమైన శిల్పాన్ని ఢిల్లీకో మద్రాసుకో మోసుకుపోకుండా, ఉన్నచోటే ఉంచి కాపాడుతున్నారు. నడుమ కొంతకాలం పూజలు ఆగినా ఊరివాళ్లు పట్టుబట్టి మళ్లీ మొదలుపెట్టించుకున్నారు. వీరన్నకు కూడా అలాంటి ఏర్పాటు ఎందుకు చేయకూడదు?

ఇంకొక మాట చెప్పాలి. పేరెందుకు గాని, ఒక ప్రదర్శనశాలలో నేను చూసిన శిల్పం కింద "శిల్పం, రాయి" అని మాత్రమే రాసి ఉంది. అది రాయి అని మాకు తెలియదనుకున్నారో ఏమో! ఏ ఊరిది, ఎవరు ఏ పేరుతో పిలిచేవారు అన్న వివరమే లేదు. పలమనేరు మిత్రుడి మేనమామ భయపడుతున్నది సరిగ్గా దీనికే.

చిత్తూరు_వకీలు
భావోద్వేగాలకు ముందు చట్టం ఏమంటుందో చూడడం మంచిది. నూరేళ్లకు పైబడిన శిల్పం 1972 నాటి పురావస్తువుల, కళానిధుల చట్టం కిందికి వస్తుంది. వ్రాతప్రతుల విషయంలో ఆ పరిమితి డెబ్బై అయిదేళ్లు. దాన్ని దేశం దాటించడం నేరం. పునాది తవ్వేటప్పుడు నేలలోనుంచి ఇంకేవైనా బయటపడితే అది వేరే విషయం. 1878 నాటి నిధి నిక్షేపాల చట్టం ప్రకారం, పది రూపాయలకు మించిన విలువగల వస్తువు నేలలో దొరికినప్పుడు కలెక్టరుకు తెలియజేయాలి. పది రూపాయలేమిటని నవ్వకండి, చట్టం పుట్టిననాడు అది చిన్న మొత్తం కాదు.

గుడి దేవాదాయ శాఖ పరిధిలో ఉందా, ఊరి కట్టుబాటులో ఉందా అన్నది కూడా తేల్చుకోండి. ఏ నిర్ణయం తీసుకున్నా గ్రామసభలో తీర్మానం రాసుకోండి. రాయిని ఎవరికి అప్పగించినా, ఫొటో అంటించిన రసీదు తీసుకోకుండా అప్పగించవద్దు.

శాసనాల_పిచ్చి
ఎవరికి ఇవ్వాలన్నది నిదానంగా తేల్చుకోవచ్చు. ముందుగా ఆ అక్షరాలను చదివించాలి. మన ఉమ్మడి చిత్తూరు జిల్లా పడమటి భాగమంతా బాణులు, వైదుంబులు, నొలంబులు, గంగులు అనే రాజవంశాలవాళ్లు తలపడిన నేల. పుంగనూరు, పలమనేరు పరిసరాల్లో వీరగల్లులు అన్ని దొరకడానికి కారణం అదే. రాజుల యుద్ధాల గురించి రాగిశాసనాలు చెబుతాయి, కాని ఊరి ఆవుల మందను శత్రువులు తోలుకుపోతుంటే అడ్డుపడి చచ్చిపోయిన మామూలు మనిషి పేరు మనకు ఈ రాళ్లమీదే దొరుకుతుంది. మీ వీరన్నకు అసలు పేరు ఒకటి ఉండవచ్చు, అతని తండ్రి పేరు, ఎవరి కొలువులో ఉన్నాడన్న సంగతి కూడా ఆ పంక్తుల్లోనే ఉండవచ్చు. అటువంటి రాయిని చదవకుండా చెరువులో వేస్తే అతన్ని రెండోసారి చంపినట్టే.

ఫొటోలు మిట్టమధ్యాహ్నం తీయకండి, అక్షరాల గాడులు కనిపించవు. పొద్దు వాలేటప్పుడు గాని, చీకట్లో టార్చిలైటును రాయికి బాగా పక్కనుంచి వేసి గాని తీయండి. పక్కన ఒక కొలబద్ద పెట్టండి. సుద్దముక్కతో అక్షరాలను దిద్దవద్దు, దిద్దేవాడు తనకు తోచిన అక్షరాన్నే దిద్దుతాడు. రాయి శుభ్రం చేయడానికి యాసిడ్ వాడవద్దు, ఇసుక చిమ్మే యంత్రం అసలే వద్దు. తడిపిన కాగితాన్ని రాయికి అంటించి, కుంచెతో కొట్టి, మసి అద్ది నకలు తీసే పద్ధతి ఒకటి ఉంది. అది తెలిసినవాళ్లే చేయాలి. పురావస్తు శాఖకు మైసూరులో శాసన విభాగం ఉంది, శ్రీ వేంకటేశ్వర విశ్వవిద్యాలయంలో చరిత్ర అధ్యాపకులున్నారు. ఫొటోలు పంపితే చదవగలిగినవాళ్లు దొరుకుతారు.

తిరుపతి_పాతబస్తీ
పై పోస్టులో చెప్పిన మాటకు మన ఊళ్లోనే పెద్ద ఉదాహరణ ఉంది. తాళ్లపాక కవుల సంకీర్తనల రాగిరేకులు తిరుమల ఆలయంలోని సంకీర్తన భాండారంలో వందల ఏళ్లు భద్రంగానే ఉన్నాయి. వాటికి దొంగల భయం లేదు, చెదల భయం లేదు. అయినా ఎవరూ చదవలేదు గనుక అన్నమయ్య పదాల్లో అత్యధిక భాగం లోకానికి లేనట్టే అయింది. 20వ శతాబ్దంలో సాధు సుబ్రహ్మణ్యశాస్త్రి, వేటూరి ప్రభాకరశాస్త్రి, రాళ్లపల్లి అనంతకృష్ణశర్మ వంటివారు కూర్చుని ఆ రేకులను చదివి, పరిష్కరించి, అచ్చువేయించిన తరవాతే అవి మన నోళ్లకు ఎక్కాయి. రాళ్లపల్లివారు కొన్నిటికి బాణీలు కూడా కట్టారు. అంటే వస్తువును దాచిపెట్టడం సగం పని కూడా కాదన్నమాట. నా దృష్టిలో మ్యూజియం అంటే అద్దాల బీరువా కాదు, ఆ బీరువా వెనక గదిలో భూతద్దంతో కూర్చున్న మనిషి. ఆ మనిషి లేని మ్యూజియానికి మీ వీరన్నను పంపినా, ఊరి చెట్టు కింద ఉంచినా పెద్ద తేడా ఉండదు.

చంద్రగిరి_పంతులు
పాతబస్తీ మిత్రుడి మాటను సగమే ఒప్పుకుంటాను. రాగిరేకులు ముందు వందల ఏళ్లు భద్రంగా ఉన్నాయి కాబట్టే తరవాత చదవగలిగారు. చదివే పండితుడు ఏ తరంలో పుడతాడో ఎవరికీ తెలియదు. అంతవరకు వస్తువును కాపాడే చోటు ఒకటి ఉండాలి.

సువర్ణముఖి గారికి కూడా ఒక మాట చెబుతాను. ఉన్నచోటే ఉంచడం అన్నివేళలా మన చేతిలో ఉండదు. నాగార్జునసాగర్ జలాశయం కింద ఇక్ష్వాకు రాజుల రాజధాని విజయపురి ఉన్న లోయ మొత్తం మునిగిపోయింది. తవ్వి తీసిన శిల్పాలను, కొన్ని కట్టడాలను నాగార్జునకొండ మీదికి చేర్చారు గనుకనే ఈనాడు పడవెక్కి వెళ్లి చూడగలుగుతున్నాం.

సువర్ణముఖి_ఒడ్డు
పలమనేరుకు ప్రస్తుతానికి సముద్రం వచ్చే సూచనలేవీ లేవు గదా!

బెంగళూరులో_పుంగనూరు
దొంగతనాల సంగతి ఎవరూ ఎత్తలేదు. తమిళనాడులోని శ్రీపురందాన్ గుడి నుంచి దొంగిలించిన చోళుల కాలపు నటరాజ విగ్రహాన్ని 2008లో ఆస్ట్రేలియా జాతీయ కళా ప్రదర్శనశాల యాభై లక్షల డాలర్లకు పైగా పెట్టి కొన్నది. ఆ విగ్రహం 2014లో మన దేశానికి తిరిగి వచ్చింది. అది ఆ గుడిదేనని రుజువు కావడంలో పుదుచ్చేరి ఫ్రెంచి సంస్థవారు అంతకుముందెప్పుడో తీసి దాచిన ఫొటోలు ముఖ్యమైన పాత్ర వహించాయి. విగ్రహాన్ని ఊళ్లో ఉంచడమా, మ్యూజియంలో ఉంచడమా అన్న చర్చ ఎటు తేలినా, దాని ఫొటో, కొలతలు, అది ఉన్న చోటు వివరం మరొక చోట నమోదై ఉండాలని ఆ కేసు నేర్పుతున్నది. మన ఊరి గుళ్లలో ఎన్నింటికి అలాంటి చిట్టా ఉంది? పెళ్లి వీడియోల్లో వెనక కనిపించే విగ్రహమే కొన్ని ఊళ్లలో ఏకైక ఆధారం.

గంగమ్మ_జాతర_వీధి
అందరూ దాచడం గురించే మాట్లాడుతున్నారు, దాచకూడని వారసత్వం కూడా ఉంటుందని గుర్తు చేయాలనిపించింది. మా తిరుపతి తాతయ్యగుంట గంగమ్మ జాతరలో చివరిరాత్రి అమ్మవారి విశ్వరూపాన్ని మట్టితో నిలబెడతారు. తెల్లవారుజామున ఆ మట్టిరూపపు చెంప నరికే ఘట్టం ముగిశాక జనం ఆ మట్టికోసం ఎగబడి, ప్రసాదంగా ఇళ్లకు తీసుకుపోతారు. ఆ రూపాన్ని ఎవరైనా రసాయనాలు పూసి అద్దాలపెట్టెలో భద్రపరుస్తామంటే జాతర అర్థమే పోతుంది. బైరాగి వేషం, తోటి వేషం, దొర వేషం, మాతంగి వేషం, ఇవన్నీ ఒంటిమీద వేసుకుని, జాతర ఆచారం ప్రకారం ఎదురైనవాళ్లను తిడుతూ వీధిలో తిరిగితేనే బతుకుతాయి. మ్యూజియంలో బొమ్మకు మాతంగి చీర కట్టి నిలబెట్టవచ్చు, కాని అది ఎవరినీ తిట్టదు.

పెద్దలు చెరువులో కలపాలనడాన్ని కూడా అజ్ఞానమని తీసిపారేయకండి. ఖండిత మూర్తిని నీటిలో వదలడం వాళ్ల దృష్టిలో ఒక మర్యాద.

శాసనాల_పిచ్చి
గంగమ్మ మట్టి విషయంలో మీతో పూర్తిగా ఏకీభవిస్తాను, ఆ రూపాన్ని చెదరగొట్టడానికే కడతారు. వీరగల్లు సంగతి అలా కాదు. చనిపోయినవాడి పేరు నిలవాలనే దాన్ని రాతిమీద చెక్కించారు. చెక్కించినవాళ్ల కోరికను కూడా మనం లెక్కలోకి తీసుకోవాలి గదా. పైగా వీరగల్లు ఆగమశాస్త్రం ప్రకారం ప్రతిష్ఠ చేసిన పూజా విగ్రహం కాదు, స్మారకశిల. ఖండిత విగ్రహపు నియమం దానికి వర్తిస్తుందా అని మీ పూజారినే అడిగి చూడండి.

కాళహస్తి_కలం
నేను కలంకారీ పనిచేసే ఇంట్లో పుట్టినదాన్ని. మ్యూజియం మాలాంటివాళ్లకు దేనికి పనికివస్తుందో చెబుతాను. మా పనిలో గుడ్డను కరక్కాయ, గేదెపాలలో నానబెట్టడం, ఇనుపముక్కలను బెల్లంనీళ్లలో ఊరబెట్టి నలుపు తీయడం, పటిక పూసి ఎరుపు తేల్చడం ఇవన్నీ ఇంట్లోనే నేర్చుకున్నాం. కాని రెండు వందల ఏళ్ల కిందట రామాయణం తెరమీద ఏ ఘట్టానికి ఎంత చోటు ఇచ్చేవారు, అంచులు ఎలా తీర్చేవారు అన్నది మా ఇంట్లో దొరకదు, ఎందుకంటే గుడ్డ అన్నది వాడుకలో చిరిగిపోతుంది. కోరమాండల్ తీరపు మేలైన పాత వస్త్రాలు లండన్‌లోని విక్టోరియా అండ్ ఆల్బర్ట్ మ్యూజియంలోనూ, అహమ్మదాబాదులోని కాలికో మ్యూజియంలోనూ ఉన్నాయి. వాటి ఫొటోలను కంప్యూటరు తెరమీద పెద్దవిగా చేసుకుని గీత గీతనూ చూసి మళ్లీ నేర్చుకున్నవాళ్లు మా వీధిలో ఉన్నారు.

మాకు కోపం వచ్చేది ఒక్క విషయంలోనే. దాచినవాళ్లు ఆ వస్త్రం చేసినవాళ్ల పిల్లలను లోపలికి పిలవరు. మేం చూడాలంటే టిక్కెట్టు కొనుక్కున్న యాత్రికుల్లాగే అద్దం ఇవతలనుంచి చూడాలి. వెలుతురు తగిలితే రంగు వెలుస్తుంది కాబట్టి దీపాలు బాగా తగ్గించి ఉంచుతారు. అది సరైన జాగ్రత్తేనని ఒప్పుకుంటాను, కాని ఆ చీకట్లో కలం పోటు కనిపించదు. పనివాళ్లకోసం నెలకొక రోజైనా బల్లమీద పరిచి చూపిస్తే చాలు.

తిరుపతి_పాతబస్తీ
అంతర్జాతీయ మ్యూజియముల మండలి 2022 ఆగస్టులో ప్రాగ్‌లో మ్యూజియానికి కొత్త నిర్వచనం ఆమోదించింది. సేకరించడం, భద్రపరచడం, ప్రదర్శించడంతో పాటు, సమాజాల భాగస్వామ్యంతో పనిచేయాలన్న మాట కూడా అందులో చేర్చారు. కాళహస్తి చెల్లెలు అడుగుతున్నది అదే, కాని నిర్వచనం ప్రాగ్ నుంచి మన దగ్గరికి రావడానికి ఏ రైలెక్కాలో ఇంకా తెలియలేదు.

కొర్లగుంట_కుర్రాడు
మీ అందరి మాటలు చదివి ఉత్సాహం వచ్చి మిత్రులతో కలిసి చంద్రగిరి వెళ్లాను. శుక్రవారం మ్యూజియానికి సెలవని గేటు దగ్గర తెలిసింది. రాజమహల్‌ను బయటినుంచి చూసి, చెరుకురసం తాగి వచ్చాం. ఈ వేదికలోని మేధావులలో ఒక్కరైనా ఆ ముక్క రాసి ఉండవలసింది.

పలమనేరు_పడమర
ఇన్ని సమాధానాలు వస్తాయని అనుకోలేదు. శాసనాల పిచ్చి గారు చెప్పినట్టు రాత్రివేళ పక్కనుంచి లైటు వేసి ఫొటోలు తీశాం. మామూలుగా చూస్తే నాలుగైదు పంక్తులే అనుకున్నాం, కింద నూనె మడ్డి పేరుకున్నచోట మరికొన్ని అక్షరాలు తేలాయి. పూజారిని కూడా అడిగాను. గర్భగుడిలో పూజలందుకునే మూర్తికి ఉన్న నియమం దీనికి లేదని ఆయన అన్నారు. దాంతో పెద్దలు చెరువు మాటను పక్కన పెట్టారు. మేనమామ మాత్రం మ్యూజియం పేరు చెబితే ఇంకా మండిపడుతున్నాడు. విరిగిన రాయిని అతికించడం సాధ్యమేనా? మేస్త్రీ ఇనుప చువ్వ దింపి సిమెంటు పోస్తానంటున్నాడు.

రాతిపని_ఇంటివాడు
ఇనుప చువ్వ ఎట్టి పరిస్థితిలోనూ వద్దు. ఇనుము తుప్పు పట్టినప్పుడు ఉబ్బుతుంది, ఉబ్బితే ఇప్పుడు రెండు ముక్కలుగా ఉన్న రాయి అప్పుడు నాలుగవుతుంది. తుప్పు పట్టని ఉక్కు కడ్డీని, రాతికి తగిన ఎపాక్సీ జిగురును వాడతారు. సిమెంటులోని లవణాలు రాతిలోకి దిగి పైపొరను పెచ్చులుగా లేపుతాయి. ఈ పని అనుభవం ఉన్నవాళ్లతో, పురావస్తు శాఖవాళ్లకు చెప్పి చేయించుకోవడమే మేలు. అందాకా రెండు ముక్కలనూ గోనెసంచుల మీద పడుకోబెట్టి, పైన టార్పాలిన్ కప్పండి. కదిలించేటప్పుడు గొలుసు నేరుగా తగలకూడదు. విరిగినచోట రాలిన చిన్న పెచ్చులను ఏరి ఒక డబ్బాలో దాచండి, అతికించేటప్పుడు వాటి విలువ తెలుస్తుంది. కొత్త గుడికి రంగులు వేసేవాడు మిగిలిన ఎనామెల్ పెయింటును వీరన్నకు పూయకుండా కాపలా కాయండి, అది మాత్రం మర్చిపోవద్దు.

సువర్ణముఖి_ఒడ్డు
అతికించిన తరవాత ఊళ్లోనే చిన్న మండపం కట్టి నిలబెట్టండి. శాసనపాఠాన్ని పక్కనే పలకమీద ఈనాటి తెలుగులో రాయించండి. నకలును, ఫొటోలను మ్యూజియానికి ఇవ్వండి. తిరుమల ఆలయంలో శ్రీకృష్ణదేవరాయల విగ్రహం, తిరుమలదేవి, చిన్నాదేవుల విగ్రహాలతో కలిసి ఈనాటికీ గుడి లోపలే ఉంది. ఆయన చేతులు జోడించింది స్వామికి. అద్దాలపెట్టెలో పెడితే ఆ నమస్కారం ఎవరికో అర్థం కాదు.

చంద్రగిరి_పంతులు
నిజమే, కాని క్యూలో నడిచే భక్తులలో వందకు ఎంతమంది ఆ ముగ్గురినీ గుర్తుపడతారో మీరే చెప్పండి. పక్కన నిలబడి చెప్పేవాడు లేకపోతే గుడిలో ఉన్నా అంతే. మండపం కడితే సంతోషమే, దాని తాళంచెవి, బాధ్యత ఎవరివి? గుడి పూర్తయి, కుంభాభిషేకం అయిపోయి, చందాలు ఆగిపోయాక మీ వీరన్న మళ్లీ బట్టలారేసుకునే రాయి కాకూడదు.

పలమనేరు_పడమర
గ్రామసభ జరిగింది. మండపం కట్టాలని తీర్మానం రాసుకున్నాం, రాయి కొలతలు, ఫొటోలు తీర్మానానికి జతచేశాం. శాసనం చదివించడానికి ఫొటోలు విశ్వవిద్యాలయానికి పంపాం. మండపం బాధ్యత ఊరి ఉన్నత పాఠశాలకు అప్పగించాలని నేను అన్నాను, గుడి కమిటీకే ఉండాలని మేనమామ అన్నాడు, అది తేలలేదు. మూడేళ్లలో మండపం సరిగా నిలవకపోతే రాయిని మ్యూజియానికి అప్పగించాలన్న షరతును తీర్మానంలో చేర్చడానికి మాత్రం అందరూ ఒప్పుకున్నారు, మేనమామతో సహా.

చిత్తూరు_వకీలు
మూడేళ్లు అంటే ఏ తేదీ నుంచి అన్నది తీర్మానంలో రాశారా? రాయకపోతే వెంటనే రాయించండి.

కుప్పం_దారి
ఈ చర్చ చదివాక మా ఊరి కాలువమీద అడ్డంగా వేసిన బండను కిందినుంచి వంగి చూశాను. అడుగుభాగాన గుర్రంమీద కూర్చున్న మనిషి, పైన చంద్రుడు సూర్యుడు చెక్కి ఉన్నారు. ట్రాక్టర్లు రోజూ దానిమీదుగానే పోతున్నాయి. ఎవరిని పట్టుకోవాలి?

శాసనాల_పిచ్చి
ముందుగా ట్రాక్టర్లు పోవడానికి వేరే బండ చూడండి, అది వేయకుండా దీన్ని తీస్తే ఊరు మీమీదికి వస్తుంది. బండ చెక్కిన వైపు కిందికి ఉండడం ఒక విధంగా మేలే జరిగింది, చక్రాల అరుగుదల తగలలేదు. అక్షరాలున్నాయేమో చూసి ఫొటో పెట్టండి, ఏ ఊరు, ఏ కాలువ అన్నది మాత్రం ఇక్కడ బహిరంగంగా రాయవద్దు.